వరంగల్‌లో సక్యులెంట్లకు ఎదిగే కాలం చలికాలమే

మీ ప్రశ్నను ముందు క్లుప్తంగా రాస్తున్నాను, చదివే మిగతావాళ్లకు కూడా విషయం తెలియాలి కదా. హనుమకొండలో మూడో అంతస్తు ఫ్లాట్. ఫిబ్రవరిలో ఆన్‌లైన్‌లో కొన్ని ఎచెవేరియాలు, ఒక హవర్తియా, ఒక జేడ్ తెప్పించుకున్నారు. ఇవన్నీ సక్యులెంట్లే, అంటే దళసరి ఆకుల్లో నీళ్లు దాచుకునే మొక్కలు. సక్యులెంట్లకు పూర్తి ఎండ కావాలి, ఎండాకాలం నీళ్లు పోయాలి, చలికాలం మానేయాలి అని చదివి అట్లాగే చేశారు. మే నెలలో ఆకులు కాలిపోయాయి. జూలై ముసురుకు ఎచెవేరియాలు మొదళ్ల దగ్గర నల్లబడి కుళ్లిపోయాయి. ఇప్పుడు ఆగస్టులో హవర్తియా, కింద మెత్తబడుతున్న జేడ్ మాత్రం మిగిలాయి. "అక్కా, ఇవి మన వాతావరణానికి పనికిరావా? మళ్లీ కొనొచ్చా?" అని అడిగారు.

పనికొస్తాయి. కొనొచ్చు, కాని ఇప్పుడే వద్దు. మీ శ్రద్ధలో లోటేమీ లేదు. మీరు చదివిన సలహా చలిదేశాల వాళ్లు వాళ్ల ఇళ్ల కోసం రాసుకున్నది. అక్కడ చలికాలమంటే మంచు, చాలీచాలని వెలుతురు. మొక్క ఎదగదు కాబట్టి నీళ్లు తగ్గిస్తారు. వాళ్ల వేసవి మన జనవరి మధ్యాహ్నం లాంటిది, అందుకే మొక్కను బయట పెట్టి నీళ్లు పోస్తారు. మన దగ్గర మే నెలలో 42, 44 డిగ్రీలు మామూలు. అది దాటగానే వారాల తరబడి ముసురు. ఇక్కడ ఎచెవేరియా, హవర్తియా, జేడ్ లాంటివి నిజంగా ఎదిగేది దసరా నుంచి శివరాత్రి దాకా. ఎండాకాలం వాటికి నిద్ర, వానాకాలం గండం. ఈ ఒక్క మాట పట్టుకుంటే నీళ్లు, ఎండ, కుండీ మార్చడం, ఎరువు అన్నీ దాని వెంబడే సర్దుకుంటాయి.

ఎందుకిలా అనేది కూడా చెప్తాను. మామూలు మొక్కలు ఆకుల మీది సన్నటి రంధ్రాలను పగలు తెరిచి గాలిలోని కార్బన్ డయాక్సైడ్ తీసుకుంటాయి. సక్యులెంట్లలో చాలావరకు రాత్రిపూట తెరుస్తాయి. తీసుకున్నదాన్ని మాలిక్ ఆమ్లంగా ఆకులో దాచుకుని, పగలు రంధ్రాలు మూసుకుని, వెలుతురుతో ఆహారం తయారు చేసుకుంటాయి. పగటి వేడికి రంధ్రాలు తెరవవు కాబట్టి లోపలి నీరు ఆవిరై పోదు. ఈ పద్ధతిని మొదట క్రాసులేసీ కుటుంబం మొక్కల్లో గమనించడం వల్ల దీనికి ఆ కుటుంబం పేరే పెట్టారు. మీ ఎచెవేరియా, జేడ్, మన పెరళ్లలో ఉండే రణపాల అన్నీ ఆ కుటుంబానివే. అయితే ఈ పని సాగాలంటే రాత్రి చల్లగా ఉండాలి. ఎచెవేరియాల్లో ఎక్కువ రకాలు మెక్సికో కొండ ప్రాంతాలవి. అక్కడ పగలు ఎండ కాసినా రాత్రి చల్లబడుతుంది. రోహిణి కార్తెలో మన దగ్గర అర్ధరాత్రి కూడా 29, 30 డిగ్రీలు ఉండే రోజులున్నాయి. ఆ వేడికి మొక్క రాత్రి కూడా ఊపిరి సరిగా తీసుకోదు, ఎదుగుదల ఆపేస్తుంది. ఎదగని మొక్క నీళ్లు తాగదు. పోసిన నీళ్లు మట్టిలోనే నిలిచి, వేడెక్కి, వేళ్లను ఉడకబెడతాయి.

దిష్టి తగలకుండా గుమ్మం మీద తలకిందులుగా కట్టే కలబందను మనం చిన్నప్పటి నుంచి చూస్తున్నాం. మట్టి లేదు, నీళ్లు లేవు, అయినా నెలల తరబడి పచ్చగా ఉంటుంది. ఎండాకాలం నీళ్లు తగ్గిస్తే మొక్క చచ్చిపోతుందేమో అని టెన్షన్ పడేవాళ్లు ఆ కలబందను ఒకసారి తలెత్తి చూడాలి.

ముందు జేడ్ సంగతి, అది ఆగదు. ఈ రోజే కుండీలోంచి తీయండి. మట్టి దులిపి వేళ్లు చూడండి. తెల్లగా, గట్టిగా ఉంటే బతికి ఉన్నట్టు. గోధుమ రంగులో మెత్తగా ఉండి, లాగితే పైతొక్క ఊడి వస్తే కుళ్లినట్టు. కాండం మెత్తబడిన చోటుకు పైన శుభ్రమైన బ్లేడుతో కోయండి. కోసిన చోట నడుమ గోధుమ రంగు చుక్కగాని వలయంగాని కనిపిస్తే కుళ్లు ఇంకా పైకి పాకినట్టే. ఇంకొంచెం పైకి కోయండి, మళ్లీ చూడండి. ప్రతి కోతకు ముందు బ్లేడును స్పిరిట్‌తో తుడవాలి, లేకపోతే కుళ్లును మనమే పైకి మోసుకెళ్తాం. లోపల అంతా ఒకే లేత ఆకుపచ్చ రంగు వచ్చేదాకా ఇదే పని. చివరికి చేతి నాలుగు వేళ్లంత పొడవు కొమ్మ మిగిలినా చాలు, జేడ్ దాంతో మళ్లీ మొక్క అవుతుంది. కోసిన చోట కాపర్ ఆక్సీక్లోరైడ్ పొడి కొద్దిగా అద్ది, వాన తగలని నీడలో, గాలి ఆడే చోట వారం రోజులు ఆరబెట్టండి. ముసురు పట్టి ఉంటే పది రోజులైనా పర్లేదు. కోత మీద పొర గట్టిపడ్డాక పొడి ఇసుకలోనో సన్న కంకర చిప్స్‌లోనో నిలబెట్టండి. నీళ్లు పోయొద్దు. రెండు మూడు వారాలకు మెల్లగా కదిపి చూస్తే పట్టు తెలుస్తుంది. వేళ్లు వచ్చినట్టు తెలిశాకే మొదటిసారి నీళ్లు. ఆకులు కొంచెం ముడతలు పడతాయి, పడనివ్వండి. నీళ్లు లేకపోతేనే అది నీళ్ల కోసం వెతుక్కుంటూ వేళ్లు వేస్తుంది.

హవర్తియా మీద చేయి వేయకండి. అది దక్షిణాఫ్రికాలో పొదల నీడలో, రాళ్ల సందుల్లో పెరిగే మొక్క. తక్కువ వెలుతురు, కొంచెం తేమ రెండూ ఓర్చుకుంటుంది, అందుకే మిగిలింది. కింది ఆకులు ఎండిపోయి ఉంటే చేత్తో తీసేయండి, వాటి కింద తడి నిలుస్తుంది.

వానాకాలంలో మొక్కను చంపేది వాన ఒక్కటే కాదు. ఒక గట్టి వాన పడి మర్నాడు ఎండ కాస్తే సక్యులెంట్‌కు ఏమీ కాదు, పైగా ఆకుల మీది దుమ్ము కడుక్కుపోతుంది. బోరు నీళ్ల వల్ల మట్టి మీద తెల్లగా పేరుకున్న ఉప్పు కూడా కొంత దిగిపోతుంది. చంపేది ముసురు. ఎండ లేదు, గాలి లేదు, గాలిలో తేమ తగ్గదు, కుండీ వారమైనా ఆరదు. పునర్వసు, పుష్యమి కార్తెల్లో మన దగ్గర ఇదే పరిస్థితి. 2023 జూలై చివర్లో ములుగు జిల్లా లక్ష్మీదేవిపేటలో ఒక్క రోజులో 649.8 మిల్లీమీటర్ల వాన పడింది. ఆ వారంలో వరంగల్, హనుమకొండ కాలనీలు కూడా నీళ్లలో ఉన్నాయి. అట్లాంటి రోజుల్లో కప్పు కింద పెట్టిన కుండీకి నీళ్లు పోయకపోయినా గాలిలోని తేమకే మట్టి చెమ్మగిల్లి ఉంటుంది. అందుకే ఆరుద్ర కార్తె వచ్చేసరికి ఎచెవేరియా లాంటివన్నీ వాన పడని చోటికి చేరాలి. ఇంటి లోపలి మూల కంటే వాన జల్లు తగలని కిటికీ దగ్గర, బాల్కనీ లోపలి గోడ పక్కన మేలు. గాలి లేకపోతే రోజూ కొంతసేపు ఫ్యాన్ వేయండి. వానాకాలంలో ఫ్యాన్ గాలి చేసే మేలు ఏ మందూ చేయదు, ఇది నేను గట్టిగా నమ్మే మాట.

కుండీల కింద ప్లేట్లు తీసేయండి. నీళ్లు నిలిచిన ప్లేటు మొక్కకు కుళ్లు తెస్తుంది, ఇంట్లోవాళ్లకు డెంగీ దోమను తెస్తుంది. ఆకుల గుత్తి నడుమ నీటి చుక్క నిలిస్తే టిష్యూ కాగితం కొసతో పీల్చేయండి, లేదా నోటితో ఊదేయండి. ఎచెవేరియా ఆకుల మీద తెల్లటి బూడిద లాంటి పొర ఉంటుంది, దాన్ని మురికి అనుకుని గుడ్డతో తుడవొద్దు. ఎండ నుంచి, తడి నుంచి ఆకును కాపాడేది అదే. పాత ఆకు మీద ఒకసారి పోతే మళ్లీ రాదు.

నీళ్ల విషయంలో చాలామంది "వారానికి ఎన్నిసార్లు?" అని అడుగుతారు. వారాన్ని లెక్క పెట్టకండి, కుండీని ఎత్తి చూడండి. నీళ్లు పోసిన రోజు బరువు, ఆరిన రోజు బరువు చేతికి నాలుగైదు సార్లకే అలవాటవుతుంది. అనుమానం ఉంటే ఒక అగరబత్తి పుల్లను అడుగుదాకా గుచ్చి తీయండి, మట్టి అంటుకుని వస్తే ఆగండి. ఆకు కూడా చెప్తుంది. దాహం వేసిన ఆకు పలచబడి ముడతలు పడుతుంది, అయినా గట్టిగానే కాండాన్ని పట్టుకుని ఉంటుంది. నీళ్లు ఎక్కువైన ఆకు పసుపు రంగుకు తిరిగి, అవతలి వెలుతురు కనిపించేంత పలచగా, మెత్తగా అయి, ముట్టుకుంటేనే రాలుతుంది. ఈ రెండూ కలగాపులగం చేసుకుని, ముడతలు కనిపించగానే కుళ్లిన మొక్కకు ఇంకా నీళ్లు పోయడం చాలా ఇళ్లలో జరుగుతుంది. వేళ్లు కుళ్లిన మొక్క ఆకులు కూడా ముడతలు పడతాయి. మట్టి తడిగా ఉండీ ఆకు ముడతలు పడితే అది దాహం కాదు, వేళ్లు పోయినట్టు.

మట్టి గురించి కొంచెం ఎక్కువే చెప్పాలి, ఎందుకంటే మీ ఎచెవేరియాలు పోవడానికి సగం కారణం అక్కడే ఉంటుంది. ఆన్‌లైన్‌లో వచ్చే మొక్కలు చాలావరకు కోకోపీట్‌లో, అంటే కొబ్బరి పీచు పొట్టులో ఉంటాయి. తేలిక కాబట్టి పార్సిల్‌కు సులువు. కాని కోకోపీట్ నీళ్లు పట్టి ఉంచుతుంది, పూర్తిగా ఎండితే మాత్రం పోసిన నీళ్లు పట్టకుండా పక్కల నుంచి జారిపోతాయి. వానాకాలం అది, ఎండాకాలం ఇది, రెండు విధాలా నష్టమే. కొన్న మొక్కను చలికాలంలోనే ఆ కోకోపీట్ నుంచి విడిపించాలి. మట్టిని గుల్లగా ఉంచే తేలికపాటి రాతి గుళికలు, పెర్లైట్, ప్యూమిస్ లాంటివి పార్సిల్ మీద తెప్పించుకోవచ్చు, ఖరీదు భరించగలిగితే మంచిదే. అవసరం మాత్రం లేదు. మనది రాతి నేల. వరంగల్, కరీంనగర్ చుట్టూ క్రషర్లు ఉన్నాయి. ఇల్లు కట్టే చోట అడిగితే సన్న చిప్స్ దొరుకుతాయి, బియ్యం గింజకంటే కొంచెం పెద్దవి చాలు. వాటిని జల్లెడ పట్టి, నీళ్లతో కడిగి దుమ్ము పూర్తిగా తీసేయాలి. ఆ దుమ్ము ఉంటే తడికి సిమెంటులా బిగుసుకుంటుంది. చిప్స్ రెండు పాళ్లు, వేరుశనగ గింజంత పగలగొట్టిన ఎర్ర ఇటుక ముక్కలు ఒక పాలు, చెల్క మట్టి ఒక పాలు, బాగా మగ్గిన వర్మీకంపోస్ట్ అర పాలు. ఇటుక ముక్క కొంచెం తేమ పీల్చుకుని మెల్లగా వదులుతుంది, రాయి అసలు పట్టుకోదు. ఈ రెండూ కలిస్తేనే మన ఎండకూ వానకూ సరిపోతుంది. నల్లరేగడి గుప్పెడు కూడా కలపొద్దు. పత్తికి బంగారం లాంటి నేలే గాని, తడిస్తే జిగట, ఎండితే నెర్రెలు. సన్నటి వేళ్లు ఆ నెర్రెల్లో తెగిపోతాయి.

కుండీ మట్టిదే మేలు. గోడల గుండా తడి ఆవిరవుతుంది. ప్లాస్టిక్ వాడితే చిప్స్ ఇంకొంచెం పెంచండి. అడుగున రంధ్రం లేని పింగాణీ కప్పులు, గాజు గిన్నెలు ఫొటోకు బాగుంటాయి, మన జూలైకి పనికిరావు. రంధ్రం లేని దాంట్లో అడుగున కంకర పోస్తే సరిపోతుందని అంటారు, సరిపోదు. నీళ్లు కంకరలో నిలిచి పైమట్టిని తడిగానే ఉంచుతాయి. కుండీ పెద్దది కూడా వద్దు. మొక్క వెడల్పు కంటే చేతి రెండు వేళ్లంత ఎక్కువుంటే చాలు. పెద్ద కుండీలో వేళ్లు చేరని మట్టి ఆరదు.

ఇక సంతోషంగా చెప్పుకునే కాలం. బతుకమ్మ పండుగ రోజుల్లో వానలు తగ్గుముఖం పడతాయి, రాత్రులు మెల్లగా చల్లబడతాయి. స్వాతి కార్తె దాటాక మొక్కలో తేడా మీకే కనిపిస్తుంది. నడుమ నుంచి కొత్త ఆకులు గట్టిగా, దగ్గర దగ్గరగా వస్తాయి. కుండీ మార్చడం, ముక్కలు నాటడం, ఆకులతో కొత్త మొక్కలు చేయడం అన్నీ నవంబర్, డిసెంబర్ నెలల్లోనే. కుండీ మార్చిన వెంటనే నీళ్లు పోయకుండా నాలుగైదు రోజులు ఆగండి, తెగిన వేళ్ల గాయాలు ఆరతాయి. ఈ కాలంలో కుండీ పూర్తిగా ఆరిన ప్రతిసారి అడుగు రంధ్రం నుంచి కారేంతగా నిండుగా పోయండి. చెంచాతో కొంచెం కొంచెం పోయడం వల్ల పై వేళ్లే తడుస్తాయి, లోతు వేళ్లు ఎండిపోతాయి. ఎరువు కూడా ఇప్పుడే. రైతుల దుకాణంలో దొరికే నీటిలో కరిగే 19-19-19 లీటరుకు అర గ్రాము కలిపి, చలికాలం మొత్తంలో రెండు మూడుసార్లు పోస్తే చాలు. ఎక్కువ ఇస్తే మొక్క నీరుబట్టినట్టు పెరిగి మేలో తట్టుకోలేదు.

ఎండ కూడా ఇప్పుడే ఎక్కువ ఇవ్వాలి. వానాకాలం నీడలో ఉన్న మొక్కను ఒక్కసారిగా ఎండలోకి తేవొద్దు. మొదటి వారం పొద్దుటి గంట రెండు గంటలు, తర్వాత కొంచెం కొంచెంగా పెంచుతూ రెండు వారాలకు సగం రోజు ఎండకు తీసుకురండి. నీడలో సాగి, ఆకుల మధ్య కాండం బయటపడిన మొక్కలు మళ్లీ పొట్టివి కావు. వాటి తల కోసి, ఆరబెట్టి వేరే నాటుకోవాలి. మిగిలిన మోడుకు పక్క పిలకలు వస్తాయి, పారేయకండి. డిసెంబర్, జనవరిలో ఆకుల అంచులు ఎర్రగా, ఊదాగా మారితే జబ్బు అనుకోవద్దు. చల్లటి రాత్రి, మంచి ఎండ కలిసినప్పుడు వచ్చే రంగు అది. అసలు అందం అప్పుడే.

వరంగల్ చలికి భయపడాల్సిన పని లేదు, రాత్రి 12, 13 డిగ్రీలు ఎచెవేరియాకు హాయి. ఆదిలాబాద్, ఆసిఫాబాద్ వైపు ఉండేవాళ్లు మాత్రం 5, 6 డిగ్రీలకు పడిపోయే రోజుల్లో సాయంత్రం నీళ్లు పోయకుండా, మంచు కురవని చూరు కిందికి జరిపితే చాలు. కలంచో ఉంటే దానికి ఒక ప్రత్యేకత ఉంది. రాత్రులు పొడవైతేనే మొగ్గ వేస్తుంది, నడుమ లైటు పడని పొడుగాటి చీకటి కావాలి. హాల్లో ట్యూబ్‌లైట్ కింద రాత్రి పదకొండు దాకా ఉన్న మొక్క ఆకులు వేస్తూనే ఉంటుంది గాని పూయదు. అక్టోబర్ నుంచి ఆరు వారాలు రాత్రి లైటు పడని గదిలోనో బాల్కనీలోనో ఉంచితే సంక్రాంతి తర్వాత పూలు చూస్తారు.

శివరాత్రికి చలి శివశివా అంటూ వెళ్లిపోతుందంటారు. ఆ రోజును గుర్తు పెట్టుకుని చోటు మార్చే పని మొదలుపెట్టండి. హోలీ నాటికి అన్నీ నీడ కిందికి చేరాలి. ఇక్కడ మీ బాల్కనీ ఏ దిక్కున ఉందో చాలా ముఖ్యం, మీరు రాయలేదు. వరంగల్ దాదాపు 18 డిగ్రీల ఉత్తర అక్షాంశం మీద ఉంది. మే రెండో వారంలో మధ్యాహ్నం సూర్యుడు సరిగ్గా నడినెత్తిన ఉంటాడు, జూన్‌లో కొంచెం ఉత్తరానికి కూడా జరుగుతాడు. డిసెంబర్‌లో దక్షిణానికి వాలి ఉంటాడు. దాంతో పైన స్లాబు ఉన్న దక్షిణపు బాల్కనీకి చలికాలమంతా ఎండ లోపలిదాకా వస్తుంది, మే నెలలో అసలు రాదు. సక్యులెంట్లకు ఇంతకంటే మంచి చోటు లేదు, మొక్కను కదపకుండానే కాలం దానికి సర్దుకుంటుంది. తూర్పు బాల్కనీ కూడా బాగుంటుంది, ఏప్రిల్ నుంచి పొద్దున తొమ్మిది తర్వాత ఒక పరదా వేస్తే చాలు. పడమర బాల్కనీతోనే చిక్కంతా. సాయంత్రం నాలుగు గంటల ఎండకు గోడ వేడెక్కి రాత్రి పది దాకా ఆ వేడి కక్కుతూనే ఉంటుంది. మీది పడమర అయితే మార్చి నుంచి మొక్కలను ఇంకో దిక్కు కిటికీకి మార్చండి. ఉత్తరపు బాల్కనీలో హవర్తియా, స్నేక్ ప్లాంట్ పెట్టుకోండి, ఎచెవేరియా అక్కడ సాగిపోతుంది.

డాబా మీద పెంచేవాళ్లు 50 శాతం షేడ్ నెట్ కట్టుకోవాలి, ఏప్రిల్, మే నెలలకు 75 శాతం. నెట్‌ను మొక్కలకు ఆనించి కట్టొద్దు, గాలి ఆడేలా కనీసం మనిషెత్తు పైన ఉండాలి. అంతకంటే ముఖ్యం, కుండీలను స్లాబు మీద నేరుగా పెట్టొద్దు. రోహిణి ఎండకు ఆ స్లాబు మీద చెప్పుల్లేకుండా అడుగు పెట్టలేం, వేళ్లకు కూడా అంతే. ఇటుకల మీద బల్ల వేసి ఎత్తులో పెట్టండి. నీళ్లు సూర్యుడు దిగాక, కుండీ చేతికి చల్లగా తగిలినప్పుడే. అది కూడా పదీ పదిహేను రోజులకోసారి, వేళ్లు పూర్తిగా ఎండిపోకుండా ఉండేంత కొద్దిగా. ట్యాంకు నీళ్లు సాయంత్రం కూడా సలసలా వస్తాయి, బకెట్‌లో పట్టి చల్లారాక పోయండి. కూలర్ గాలి నేరుగా తగిలే చోట ఈ మొక్కలు ఉంచొద్దు, ఆ తేమకు కుండీ ఆరదు. ఎండకు కాలిన ఆకు మీద గోధుమ రంగు మచ్చ పడితే అది పోదు. అయినా ఆకు పని చేస్తూనే ఉంటుంది కాబట్టి తుంచొద్దు, చలికాలంలో కొత్త ఆకులు కమ్మేస్తాయి.

ఇప్పటిదాకా చెప్పిందంతా చల్లటి రాత్రులు కోరే మొక్కల గురించి. అన్ని సక్యులెంట్లూ ఇంతే అనుకుంటే మళ్లీ ఇబ్బంది. అడీనియం, యుఫోర్బియా మిలి, స్నేక్ ప్లాంట్ వేడి ఇష్టపడేవి. అడీనియం మన ఎండలోనే పూస్తుంది. మార్చి నుంచి జూన్ దాకా దానికి పూర్తి ఎండ, కుండీ ఆరినప్పుడల్లా నిండుగా నీళ్లు ఇవ్వాలి. డిసెంబర్‌లో ఆకులు రాల్చి నిద్రపోతుంది, అప్పుడు దాదాపు నీళ్లు ఆపేయాలి. అడుగున ఉబ్బిన దుంప నొక్కితే మెత్తగా తగిలితే, ఎండాకాలంలో అయితే దాహం, చలికాలంలోనో ముసురులోనో అయితే కుళ్లు. ముసురు మాత్రం దానికీ పడదు. అడీనియం రసం విషం, యుఫోర్బియా పాలు కంట్లో పడితే చాలా బాధ పెడతాయి. చిన్న పిల్లలున్న ఇంట్లో ఇవి చేతికందని ఎత్తులో ఉండాలి, కోసేటప్పుడు గ్లవ్స్ వేసుకోవాలి.

పురుగుల్లో ఒక్క పిండినల్లి గురించే చెప్తాను, మిగతావి అరుదు. ఆకుల సందుల్లో తెల్లటి దూది పోగుల్లా కనిపిస్తుంది. ఫిబ్రవరి, మార్చి నుంచి పెరుగుతుంది. చీమలు కుండీ ఎక్కుతుంటే అదే మొదటి గుర్తు, పిండినల్లి విసర్జించే తీపి కోసం అవి వస్తాయి. సర్జికల్ స్పిరిట్‌లో ముంచిన దూది పుల్లతో ఒక్కొక్కటీ తుడిచేయండి, నాలుగైదు రోజుల తేడాతో మూడుసార్లు. ఆ మొక్కను మిగతావాటి నుంచి దూరం పెట్టండి. వేపనూనె కొడితే లీటరుకు 5 మిల్లీలీటర్లు, రెండు చుక్కల షాంపూతో, చీకటి పడ్డాకే. నూనె ఉన్న ఆకు మీద ఎండ పడితే కాలుతుంది. బూడిద పొర ఉన్న ఎచెవేరియాలకు నూనె అసలు వద్దు. ఒక్కోసారి పురుగు వేళ్లలో ఉంటుంది. పైన ఏమీ కనిపించకుండా మొక్క నెలల తరబడి ఎదగకపోతే కుండీలోంచి తీసి చూడాలి. ఇక కోతులకు మందు లేదు. హనుమకొండలో డాబా మీద పెంచాలంటే జాలీ కట్టుకోవాల్సిందే, నెట్ ఒక్కటే ఆపదు.

మళ్లీ కొనే విషయం. దసరా దాటాక, నవంబర్‌లో కొనండి. మొక్కకు ముందు నాలుగు నెలల మంచి కాలం దొరుకుతుంది, వేళ్లు పట్టుకుని మేలోకి వెళ్తుంది. ఫిబ్రవరి, మార్చిలో కొన్నవాటికి ఆ వ్యవధి ఉండదు. ఎచెవేరియా మీద మనసుంటే ఒకటి రెండు తీసుకోండి. దానికంటే గ్రాప్టోపెటలమ్ చాలా గట్టిది, చూడటానికి కొంచెం అలాగే ఉంటుంది, రాలిన ఆకు నుంచి కూడా మొలుస్తుంది. జేడ్ అని అమ్మేవాటిలో చాలావి నిజానికి పోర్టులకేరియా అనే వేరే మొక్క. వేలి గోరంత గుండ్రటి ఆకులు, ఎర్రటి సన్న కాండం ఉంటే అదే. అసలు జేడ్ ఆకు అంతకు రెండు మూడింతలు పెద్దగా, మెరుస్తూ ఉంటుంది. పోర్టులకేరియా దొరికితే వదలొద్దు. నీళ్లు బాగా ఉన్నప్పుడు మామూలు మొక్కలా పగలు, కరువొస్తే రాత్రి ఊపిరి తీసుకునే రకం అది, మన ఎండకూ వానకూ రెండింటికీ తట్టుకుంటుంది. గులకరాళ్లలా కనిపించే లిథాప్స్ జోలికి ఇప్పుడే వెళ్లొద్దు.

నర్సరీలో అయితే మొక్కను మెల్లగా కదిపి చూడండి, ఊగితే వేళ్లు లేనట్టు. పైన రంగు రాళ్లు జిగురుతో అంటించినవి, ఆకులకు రంగు పూసినవి తీసుకోవద్దు. నీళ్లు లోపలికి దిగవు, రంగు కింద ఆకు వెలుతురు అందక నీరసపడుతుంది. పార్సిల్‌లో వచ్చిందైతే పెట్టె తెరిచిన రోజు నీళ్లు పోయకుండా రెండు రోజులు నీడలో ఉంచి, వేళ్ల నుంచి కోకోపీట్ దులిపి, సందుల్లో పిండినల్లి ఉందేమో చూసి, మూడు రోజులు ఆరబెట్టి నాటండి. దారిలో రాలిన ఆకులను పారేయొద్దు. తెగిన కొస ఆరాక చిప్స్ మట్టి మీద పడుకోబెట్టి వెలుతురున్న నీడలో వదిలేస్తే, నవంబర్ చలికి మూడు నాలుగు వారాల్లో గులాబీ రంగు వేళ్లు, వాటి పక్కన చిన్న పిలకలు వస్తాయి. వేళ్లు కనిపించిన తర్వాత మాత్రమే వాటి మీద కొద్దిగా నీళ్లు చిలకరించండి.